పదమూడో కిస్తీ

చదివేవాళ్లు ముందుగా నన్ను మన్నించాలి. యాభై ఎనిమిదో ఏట పలక పట్టినదాన్ని. ఒత్తు రావాల్సిన చోట ఒత్తు లేకపోయినా, దీర్ఘం ఎక్కడైనా ఎక్కువైనా మీరే సర్దుకుని చదువుకోండి. రోజుకు అర పేజీ కంటే నా చెయ్యి సాగదు. అందుకే నిరుడు జరిగిన ముచ్చట ఇప్పటికి మీ దాకా వచ్చింది.

వరంగల్ కొత్తవాడలో, మోటారు బండి కూడా తిరగని ఒక సందు చివర, శ్యామలమ్మకు నలభై గజాల మగ్గం గది ఉండేది. పెంకుల కప్పు, ఒకే కిటికీ, గది నిండా నేల మీద పరిచే జంపఖానాలు నేసే మగ్గం. భర్త సమ్మయ్య పోయి పదకొండేళ్లయినా ఆ మగ్గం ఒక్క పండుగకు తప్ప ఆగలేదు. మగ్గానికి ఈ పక్కన శ్యామలమ్మ, ఆ పక్కన కూలికి వచ్చే సోమక్క కూర్చుని, నెలకు ఎన్ని జంపఖానాలు నేత పూర్తయి తెగితే అన్ని తెంపేవాళ్లు.

ఆ గదిని శ్యామలమ్మ అమ్మకానికి పెట్టింది. నూలు వ్యాపారి కిషన్ రావు గజం ఇరవై నాలుగు వేల చొప్పున తొమ్మిది లక్షల అరవై వేలకు బేరం తెంపి, యాభై వేలు బయానా ఇచ్చాడు. కొనేవాడు వెనక్కి పోతే బయానా పోయినట్టే, అమ్మేవాళ్లు వెనక్కి పోతే రెండింతలు తిరిగివ్వాలి అని కాగితం రాసుకున్నారు. రిజిస్ట్రేషన్ గురువారం పదకొండు గంటలకు.

అమ్మడానికి కారణం ఇంటి అప్పు. కొడుకు హరీశ్ ఒక ప్రైవేటు దవాఖానలో రక్త పరీక్షలు చేసే ఉద్యోగి. జీతం ఇరవై ఎనిమిది వేలు. నాలుగేళ్ల కింద ఏనుమాముల దిక్కు రెండు గదుల ఇల్లు కొన్నప్పుడు, చేతిలో ఉన్నది పోను పదహారు లక్షలు ఒక ఫైనాన్సు కంపెనీలో అప్పు తీసుకున్నారు. ఇరవై ఏళ్ల గడువు. నెలకు కిస్తీ పద్నాలుగు వేల మూడు వందల తొంభై ఆరు. జీతంలో సగం అయిదో తారీఖు పొద్దున్నే మాయమయ్యేది. మిగిలిన సగంతో ఇల్లు గడవక కోడలు రాజశ్రీ పుస్తెలతాడు కుదువకు పోయింది. బయానా యాభై వేలు రాగానే మొదట విడిపించింది దాన్నే.

ఈ లెక్కంతా కట్టింది శ్యామలమ్మే. రాయడం నేర్చుకున్నాక ఆమె ఒక నోటుబుక్కు పెట్టుకుని, నెలనెలా కిస్తీ కట్టినట్టు కొడుకు ఫోనుకు సందేశం రాగానే అంకెలు దించుకునేది. నలభై ఎనిమిది కిస్తీలు కలిపితే ఆరు లక్షల తొంభై ఒక్క వేలు. పదహారు లక్షల్లోంచి తీసేస్తే తొమ్మిది లక్షల తొమ్మిది వేలు. బయానా పోను కిషన్ రావు ఇవ్వాల్సింది తొమ్మిది లక్షల పది వేలు. కొలిచి కోసినట్టు సరిపోయింది. గది పోతే పోయింది, ఇల్లు మనదైతది అనుకుంది.

బయటివాళ్లకు ఈ లెక్క పిచ్చిగా కనబడవచ్చు. కొత్తవాడలో పుట్టి పెరిగినవాళ్లకు కాదు. అక్కడ నేతగాడి అప్పు అంటే సేటు ఇచ్చే అడ్వాన్సు. శ్యామలమ్మ పెళ్లప్పుడు సమ్మయ్య వెంకటయ్య సేటు దగ్గర ఇరవై వేలు తీసుకున్నాడు. ఒక్కో జంపఖానా అప్పజెప్పినప్పుడు యాభై రూపాయలు కోసుకుని సేటు బుక్కులో రాసేవాడు. నాలుగు వందల జంపఖానాలు తెగాయి, అప్పు తీరింది. వడ్డీ అనే మాట ఆ బుక్కులో లేదు. అప్పు తీరేదాకా ఇంకో సేటుకు నేయొద్దు, అంతే. కట్టిన రూపాయి కట్టినట్టే అప్పులోంచి తెగుతుందనేది ఆమె ఒంటికి పట్టిన సంగతి. దాన్ని ఎవరైనా అడిగి తెలుసుకుంటారా?

హరీశ్‌కు చూపిస్తే వాడు డ్యూటీ బట్టలు మార్చుకుంటూ, "నువ్వు లెక్క కడితే తప్పేముంటదే అమ్మా" అన్నాడు. బుక్కు వైపు సరిగ్గా చూడను కూడా లేదు.

అప్పు మూసేయడానికి ఎంత కట్టాలో కంపెనీ వాళ్లు కాగితం ఇవ్వాలి. దానికోసం మంగళవారం తల్లీకొడుకులు హన్మకొండలోని ఆఫీసుకు వెళ్లారు. కౌంటర్లో నవ్య అనే పిల్ల కంప్యూటర్లో నంబరు కొట్టి, అంకె చదివింది.

"పదిహేను లక్షల నలభై రెండు వేల మూడు వందల ఇరవై రెండు."

శ్యామలమ్మ నవ్వింది. "వేరేవాళ్లది చూస్తానవ్ బిడ్డా. జర నంబరు మల్ల చూడు."

"ఆడెపు హరీశ్, జామీను ఆడెపు శ్యామలమ్మ. మీరే కదమ్మా?"

"మేమే. ఆరు లక్షల తొంభై ఒక్క వెయ్యి కట్టినం. ఒక్క నెల తప్పలె."

"అవునమ్మా, ఒక్కసారి కూడా ఆగలేదు. మీరు మా మంచి కస్టమర్లు."

"మంచోళ్లకు గిదా లెక్క?"

నవ్య కంప్యూటర్ తెరను కొంచెం వాళ్ల వైపు తిప్పింది. "మీరు కట్టినదాంట్లో ఆరు లక్షల ముప్పై మూడు వేలు వడ్డీ కింద పోయినయ్. అసలు కింద తగ్గింది యాభై ఏడు వేల ఆరు వందలు."

శ్యామలమ్మకు వినబడింది గాని లోపలికి దిగలేదు. నాలుగేళ్లు. రాజశ్రీ పాలవాడి దగ్గర అర లీటరు తగ్గించిన నాలుగేళ్లు, హరీశ్ రెండు డ్యూటీలు చేసిన నాలుగేళ్లు. అన్నీ కలిపి యాభై ఏడు వేలు. ఆమె కొడుకు ముఖం చూసింది. వాడు గోడ మీది క్యాలెండర్ చూస్తున్నాడు. ఆశ్చర్యపోయిన మనిషి ముఖం కాదది. ఎప్పటికైనా దొరికిపోతానని తెలిసిన మనిషి ముఖం.

"మొదటి నెల నుంచి లెక్క మొత్తం కాగితం మీద ఇయ్యి బిడ్డా" అంది శ్యామలమ్మ.

మెట్లు దిగుతుంటే హరీశ్ అన్నాడు, "ఇంటికి పోయి మాట్లాడుకుందమే."

"నువ్వు డ్యూటీకి పో. నేను గదికి పోత. చదవాలె."

గదిలో సోమక్క ఆఖరి జంపఖానా మీద ఇనప పళ్ల పంజాతో అడ్డదారం పేకను బిగుతుగా కొడుతోంది. బుధవారానికల్లా దాన్ని తెంపి మగ్గం విప్పాలి. శ్యామలమ్మ కూర్చోకుండా కిటికీ దగ్గర నిలబడి కాగితాలు తీసింది.

"ఏంది వదినె, మగ్గం నా ఒక్కదానితోటే నేయిస్తవా? కూలి రెండింతలైతది మరి" అంది సోమక్క.

"జరసేపాగు."

ఒక్కో వరుస ఒక్కో నెల. వరుసకు మూడు గళ్లు. కట్టినది, వడ్డీకి పోయినది, అసలుకు పోయినది. మొదటి నెల కట్టినది 14,396, వడ్డీ 12,000, అసలు 2,396. శ్యామలమ్మ వేలు పెట్టి చదువుతూ వచ్చింది. రెండో నెల అసలుకు 2,414. మూడో నెల 2,432. కొంచెం కొంచెంగా పెరుగుతోంది. పన్నెండో నెలకు 2,601. నడక అర్థమైంది. మొదట్లో అంతా వడ్డీయే. మిగిలిన అప్పు తగ్గేకొద్దీ వడ్డీ తగ్గి, అసలు గడి బలుస్తుంది. ఇరవై ఏళ్లకు ఎట్లాగో తీరుతుంది. పదహారు లక్షలకు ముప్పై నాలుగున్నర లక్షలు కట్టినాక. అప్పు తీసుకున్ననాటి లెక్క అది, నవ్యే అడుగున రాసి ఇచ్చింది.

పదమూడో వరుస దగ్గర ఆమె వేలు ఆగింది. కట్టినది అదే 14,396. వడ్డీ 13,738. అసలు 658.

ఆమె మళ్లీ చదివింది. కింది వరుస చూసింది. 664. ఆ కింద 670. నూలు రంగు మారిపోయిన జంపఖానా లాగా, అక్కడి నుంచి కాగితం ఇంకో కాగితమైపోయింది.

సాయంత్రం హరీశ్ నేరుగా గదికే వచ్చాడు. సోమక్క వాళ్లిద్దరి ముఖాలు చూసి, నీళ్ల బిందె తీసుకుని బయటికి పోయింది.

"పదమూడో నెల ఏమైంది కొడుకా?"

హరీశ్ మగ్గం బల్ల అంచున కూర్చున్నాడు. "వడ్డీ పెరిగింది. తొమ్మిది నుంచి పదిన్నరైంది. వాళ్ల దగ్గర్నించి ఫోనొచ్చింది."

"ఏమని?"

"మనిషి గాదు, మిషన్ మాట్లాడింది. కిస్తీ పెంచుకుంటే ఒకటి నొక్కండి, నెలలు పెంచుకుంటే రెండు నొక్కండి అన్నది. రాజశ్రీ కాన్పై, పిల్లగాన్ని అద్దాల పెట్టెల పెట్టిన్రు గదా, ఆ రోజు. వరండాల నిలబడి రెండు నొక్కిన. కిస్తీ పెరగలె గదా అనుకున్న."

"ఎన్ని నెలలు పెరిగినయో అడిగినవా?"

"అడగలె."

"ఇయ్యాల ఆ ఆఫీసుకు ఫోన్ చేసి నేనడిగిన. నూట ఇరవై ఆరు. ఇరవై ఏండ్ల అప్పు ముప్పై ఏండ్ల ఆరు నెలలైంది. ఇంకా ఇరవై ఆరున్నర ఏండ్లు కట్టాలె. నీకు అరవై వస్తయ్."

హరీశ్ బల్ల మీది దారపు ముక్కను వేలికి చుట్టుకున్నాడు. "మనసుల ఎక్కడ్నో గుచ్చుతనే ఉండె. అందుకే చూడలె. నువ్వు తొమ్మిది లక్షలన్నప్పుడు నమ్మాలనిపించింది" అన్నాడు.

తిట్టు శ్యామలమ్మ నోటిదాకా వచ్చింది. కానీ తిట్టే హక్కు తనకెంత? వాడు లెక్క కట్టలేదు, తను తప్పు లెక్క కట్టింది. పైగా అమ్మకానికి పెట్టింది తను, కాగితం మీద దస్తకతు చేసింది తను. గది అమ్మితే తొమ్మిది లక్షలు పోయినా ఆరు లక్షల చిల్లర అప్పు అట్లాగే ఉంటుంది. మగ్గం ఉండదు. అమ్మకపోతే లక్ష కట్టాలి. చేతిలో ఉన్నది నాలుగు వేలు. గురువారానికి మధ్యలో ఒక్క రోజు.

బుధవారం పొద్దున్నే ఆమె కిషన్ రావు నూలు దుకాణానికి వెళ్లింది. ఆయన బేళ్ల మధ్య చిన్న బల్ల వేసుకుని చాయ్ తాగుతున్నాడు.

"రా శ్యామలమ్మా. రేపు తాళంచెవి తెస్తవనుకుంటే ఇయ్యాలనే వస్తివి."

"సేటు, గది అమ్మొద్దనుకుంటాన."

ఆయన చాయ్ కప్పు కింద పెట్టాడు. "ఎవలన్న గజానికి వెయ్యి ఎక్కువిస్తమన్నరా?"

"లేదు సేటు. నా లెక్క తప్పింది."

"నీ లెక్క తప్పితే నాకేమొస్తది? మీద గోదాం కట్టాలని సిమెంటుకు చెప్పిన. మేస్త్రీకి పైసలిచ్చిన. లక్ష తెచ్చినవా?"

"లేవు."

"వేలిముద్రలేసేటోళ్లయితే తెల్వక చేసిన్రనుకుందును. నువ్వు కాగితం చదివి మరీ దస్తకతు పెట్టినవ్. నా ముంగటనే వేలు పెట్టి ఒక్కో అక్షరం చదివితివి. అరగంట కూసోబెట్టినవ్ నన్ను."

దుకాణంలో పనివాళ్లు నవ్వారు. శ్యామలమ్మకు చెవులు వేడెక్కాయి. "ఆ కాగితం చదివిన సేటు. చదవాల్సింది ఇంకోటుండె, అది చదవలె" అంది.

కిషన్ రావు చెడ్డవాడు కాదు. బేరం మనిషి. "సాయంత్రం ఆరింటిదాకా చూస్త. అమ్ముతే డీడీ ఎవల పేరు మీద తియ్యాలెనో చెప్పు. అమ్మకపోతే లక్ష తీస్కరా. మూడో ముచ్చట లేదు" అన్నాడు.

దుకాణం మెట్లు దిగుతూ ఆమెకు వెంకటయ్య సేటు బుక్కు గుర్తొచ్చింది. వడ్డీ లేని అప్పు అనుకున్నాం గదా. బయటి సేట్లు జంపఖానాకు నూట ఎనభై ఇచ్చే రోజుల్లో ఆయన నూట డెబ్బై ఇచ్చేవాడు. అప్పు ఉంది కాబట్టి ఇంకోచోటికి పోయే వీల్లేదు. నాలుగు వందల జంపఖానాలు, ఒక్కోదానికి పది రూపాయలు. ఆ నాలుగు వేలు ఆయన వడ్డీ. బుక్కులో రాయలేదు, అంతే. ముప్పై ఏళ్లు ఆమె ఆయన్ను ధర్మాత్ముడని చెప్పుకుంది.

ఆమె ఇంటికి పోలేదు. హన్మకొండ బస్సెక్కింది.

నవ్య ఆమెను గుర్తుపట్టింది. "మళ్లీ వచ్చారేంటమ్మా?"

"మూడు లెక్కలు కావాలె బిడ్డా. నేను రాసుకుంట, నువ్వు మెల్లగ చెప్పు."

వెనక వరుసలో నలుగురున్నారు. శ్యామలమ్మ నోటుబుక్కు తెరిచి పెన్ను పట్టుకుంది.

"ఒకటి. నేను గది అమ్మ. ఏం చేస్తే పాత గడువుకే అప్పు తీరుతది?"

నవ్య కొట్టి చూసింది. "కిస్తీ పదహారు వేల ఆరు వందల పద్నాలుగు చేసుకుంటే పదహారేళ్లకు తీరుతుంది. అంటే నెలకు రెండు వేల రెండు వందల పద్దెనిమిది ఎక్కువ."

శ్యామలమ్మ రాసుకుంది. రెండు వేల రెండు వందలు మగ్గం మీద వస్తాయి. పదహారేళ్లు. ఆమెకు అరవై ఒకటి. డెబ్బై ఏడో ఏట పంజా లేస్తుందా? పైన కిషన్ రావు లక్ష.

"అమ్మా, జర జల్ది కానీయ్. బ్యాంకుకు పోవాలె" అన్నాడు వెనకాయన.

"నీకు పోవాల్సిన బ్యాంకన్న ఉంది నాయినా. నాకు గిదొక్కటే" అంది శ్యామలమ్మ, తల తిప్పకుండానే. "రెండు. తొమ్మిది లక్షల పది వేలు రేపు తెచ్చి కడితే?"

"అప్పుడు ఆరు లక్షల ముప్పై రెండు వేలు మిగులుతుంది. దాన్ని రెండు రకాలుగా పెట్టొచ్చమ్మా. నెలలు అట్లాగే ఉంచి కిస్తీ తగ్గించుకోవచ్చు. ఐదు వేల తొమ్మిది వందల రెండు అవుతుంది. చాలామంది అదే అడుగుతారు."

"ఎన్ని నెలలు?"

"మూడు వందల పద్దెనిమిది."

"మొత్తం?"

నవ్య కొంచెం ఆగి కొట్టింది. "పద్దెనిమిది లక్షల డెబ్బై ఆరు వేలు."

ఆరుంపావు లక్షలకు పద్దెనిమిది ముప్పావు. శ్యామలమ్మ పెన్ను ఆగింది, మళ్లీ కదిలింది. "రెండోది?"

"కిస్తీ ఇప్పుడున్నదే కట్టుకుంటూ నెలలు తగ్గించుకోవడం. యాభై ఆరు నెలలకు అయిపోతుంది. మొత్తం ఎనిమిది లక్షలు దాటీ దాటక."

"యాభై ఆరా? మూడు వందల యాభై ఆరా?"

"యాభై ఆరేనమ్మా. నాలుగేళ్ల ఎనిమిది నెలలు."

ఆమె ఆ అంకె చుట్టూ గీత గీసింది. కిషన్ రావుకు ఫోన్ చేసి, డీడీ కంపెనీ పేరు మీద తీసి, తన చేతికే ఇవ్వమంది. ఫోన్ పెట్టేసి, నోటుబుక్కు సంచిలో వేసుకుని బస్సు కోసం మెట్లు దిగింది.

రాత్రి అన్నాల వేళ నోటుబుక్కు తెచ్చి కొడుకుకూ కోడలికీ రెండు లెక్కలూ దాచకుండా చదివి వినిపించింది. రాజశ్రీ చెయ్యి కంచంలోనే ఆగిపోయింది.

"ఐదు వేల తొమ్మిది వందలేనా? అత్తమ్మా, అదే పెట్టుకుందం."

"అది పెడితే ఇరవై ఆరున్నర ఏండ్లు కట్టాలెనే."

"కడుదం. నెలకు ఎనిమిదిన్నర వేలు చేతిల మిగులుతయ్. నాలుగేండ్ల సంది ఎట్ల ఎల్లదీసిన్నో మీకు తెల్వదా? జ్వరమొస్తే గోలీ అడగాల్నంటే అయిదో తారీఖు దాటిందా అని చూసుకున్న. ఇంకో ఐదేండ్లు గట్లనే చావాల్నా?"

తప్పు మాట ఒక్కటి లేదు అందులో. శ్యామలమ్మ కొడుకు వైపు చూసింది.

"రాజశ్రీ చెప్పింది నిజమేనే. మల్ల చేతిల పైసలున్నప్పుడు ఎక్కువ కట్టుకోవచ్చు" అన్నాడు హరీశ్.

"ఉంటయా?"

"ఉంటయ్. అయినా లోన్ నా పేరు మీదుంది. నెలనెలా కట్టేది నేను. రేపు దస్తకతు పెట్టేది నేను. నాకు వదిలెయ్యి."

రాజశ్రీ కంచాలు తీసింది. గది పోతున్నది శ్యామలమ్మది, అప్పు మీద మాట హరీశ్‌ది. వాడు రేపు ఆ కాగితం మీద ఎక్కడ గీత పెడితే, సమ్మయ్య కట్టిన ఆ నాలుగు గోడలకు అంత విలువ.

గురువారం రిజిస్ట్రేషన్ ఆఫీసులో ఫోటో దిగమన్నప్పుడు ఆమె కొంగు సర్దుకుని నిలబడింది. దస్తకతు చేసింది. తాళంచెవి కిషన్ రావు చేతిలో పెట్టింది. ఆయన డీడీ ఇచ్చి, "ఫికర్ పడకు శ్యామలమ్మా. నీ మగ్గం సామానంతా పక్కనోళ్ల వాకిట్ల పెట్టిపిస్త" అన్నాడు. ఆమె తలూపింది. డీడీని నోటుబుక్కు నడుమ పెట్టి, సంచిలో వేసి, సంచిని చంకకు బిగించుకుంది.

కంపెనీ ఆఫీసుకు చేరేసరికి రెండు దాటింది. నవ్య ఒక ఫారం హరీశ్ ముందు పెట్టింది. అందులో రెండు గళ్లు. పైదానికి ఎదురుగా కిస్తీ తగ్గింపు అని, కిందిదానికి ఎదురుగా గడువు తగ్గింపు అని రాసి ఉంది.

"ఏదో ఒకదాంట్లో టిక్ పెట్టి సంతకం చేయండి సార్. డీడీ ఇవ్వండమ్మా."

శ్యామలమ్మ డీడీ తీసి కౌంటర్ మీద పెట్టింది. పెట్టి దాని మీద అరచెయ్యి ఆనించింది. హరీశ్ పెన్ను పై గడి దగ్గరికి పోయింది. పోయి, తల్లి చెయ్యి కదలకపోవడం చూసి ఆగింది.

"చెయ్యి తియ్యే అమ్మా."

"తీయ."

"జనం చూస్తాన్రు."

"చూడనీ. నిన్న సేటు దుకాణంల గూడ చూసిన్రు." ఆమె గొంతు పెంచలేదు. "లోన్ నీ పేరు మీదుంది, ఒప్పుకున్న. దస్తకతు నీది, అదీ ఒప్పుకున్న. గిది మాత్రం నాది. నువ్వు మీద గడిల పెడితే ఇది బ్యాగుల ఏసుకుని పోత. ఈ పైసలతోటి నీ దవాఖాన ఎనక చాయ్ దుకాణం పెట్టుకుంట. నువ్వు ఆ పద్నాలుగు వేలు నీకు అరవై ఏండ్లొచ్చేదాక కట్టుకో."

నవ్య కంప్యూటర్ వైపు చూస్తూ ఏదో పనున్నట్టు మీటలు నొక్కుతోంది.

"రాజశ్రీకి ఏం చెప్పాలె?" అన్నాడు హరీశ్. గొంతులో కోపం కంటే అలసట ఎక్కువగా ఉంది. "నాలుగున్నరేండ్లు ఎట్ల ఎల్లదియ్యాల్నో నువ్వు చెప్పు. లెక్కలన్నీ కట్టినవ్ గదా, ఆ లెక్క గూడ కట్టు."

"కట్టిన. నేతగాళ్ల సొసైటీ షెడ్డుల ఒక మగ్గం ఖాళీగుందట. పొద్దుగాల పోయి అడిగచ్చిన. నేను, సోమక్క సోమవారం నుంచి కూసుంటం. నెలకు నాలుగు వేలు రాజశ్రీ చేతిల పెడత. నీ చేతిల గాదు."

"నీ మోకాళ్లు?"

"మోకాళ్లు యాభై ఆరు నెలలు నడుస్తయ్ కొడుకా. మూడు వందల పద్దెనిమిది నెలలు నడవయ్."

హరీశ్ తల్లి చేతి వైపు చూశాడు. పేక దారం ఏళ్ల తరబడి కోసిన చూపుడువేలు, పంజా పట్టి గట్టిపడిన అరచెయ్యి. వాడు పెన్ను కింది గడికి దించి, ఒక్క గీత పెట్టాడు. గీత గట్టిగా పడి కాగితం కొంచెం చిరిగింది. కింద సంతకం చేసి ఫారాన్ని నవ్య వైపు నెట్టాడు.

శ్యామలమ్మ చెయ్యి తీసింది.

నవ్య డీడీ తీసుకుని, ముద్ర కొట్టి రసీదు ఇచ్చింది. కొత్త లెక్క కాగితం కూడా కావాలా అని అడగకుండానే తీసి ఇచ్చింది. శ్యామలమ్మ అక్కడే నిలబడి మొదటి వరుస మీద వేలు పెట్టింది. కట్టేది 14,396. వడ్డీ 5,533. అసలు 8,863. అసలు గడి వడ్డీ గడి కంటే పెద్దగా ఉండటం ఆమె చూడటం ఇదే మొదలు. కాగితం కొడుకుకు ఇచ్చింది. వాడు చదివాడు. రెండో వరుస కూడా చదివాడు. ఆ తర్వాత కింది దాకా చదువుకుంటూ పోయాడు, యాభై ఆరో వరుస దాకా. ఆ అప్పుకు సంబంధించిన కాగితం వాడు పూర్తిగా చదవడం కూడా అదే మొదలు.

రోడ్డు మీదికి వచ్చాక ఆటో కోసం నిలబడ్డారు. ఎండ మండిపోతోంది.

"రాజశ్రీకి నువ్వే చెప్పు" అన్నాడు హరీశ్, రోడ్డు వైపే చూస్తూ. "నేను జెప్పలేను."

"చెప్త. తిడితే పడత."

"మస్తు తిడతది."

"తిట్టనీ. దాని పుస్తెలతాడు విడిపించిన అత్తను ఎన్నాళ్లు తిడతదో చూస్త."

హరీశ్ నవ్వలేదు. కానీ ఆటో ఆగినప్పుడు ముందు ఆమెను ఎక్కించి, సంచి తను పట్టుకున్నాడు.

ఆడెపు సమ్మమ్మ, అరవై నాలుగేళ్లు. శ్యామలమ్మకు తోడికోడల్ని, ఇదంతా ఆమె నోటి నుంచే విన్నాను. ఇప్పుడు హన్మకొండ కుమార్‌పల్లిలో చిన్న బిడ్డ దగ్గర ఉంటున్నాను.